ఉడికిన గింజలు

అనంత కరుణామయుడైన అల్లాహ్ పేరుతో మొదలుపెడుతున్నాను.

ఉత్తర కొర్దోఫాన్‌లో ఉమ్ రువాబాకు ఒక పూట ప్రయాణ దూరంలో ఉన్న ఉమ్ దురైసా గ్రామ నివాసినీ, దివంగత అల్-నూర్ బాబికిర్ భార్యనూ, ముప్పై ఒక్క ఏళ్ళు బాలికల పాఠశాల ప్రధానోపాధ్యాయురాలిగా పనిచేసినదాన్నీ అయిన రుఖైయా అల్-తాహిర్ హమద్ అనే నేను, డెబ్బై ఒక్క ఏళ్ళ వయసులో, పూర్తి తెలివితో, ఎవరి ఒత్తిడీ లేకుండా, నా చేత్తో రాస్తున్న వీలునామా ఇది. మోకాళ్ళు పోయాయి. ఎడమ కంటికి పొర వచ్చింది. బుద్ధి సరిగానే ఉంది. అది సరిగా ఉండగానే రాయవలసిన సంగతి ఒకటి మిగిలిపోయింది. నాలుగేళ్ళ కిందట రాసిన వీలునామాలో ఆ సంగతి లేదు కనుక దాన్ని రద్దు చేస్తున్నాను.

1. ఈ వీలునామాను అమలు చేసే బాధ్యత నా తమ్ముడి కొడుకు మక్కీకి అప్పగిస్తున్నాను. మక్కీ నెమ్మదిగా చదువుతాడు. అర్థం కానిది అడుగుతాడు. మా కుటుంబంలో ఈ రెండు గుణాలూ కలిసి ఉన్నవాడు అతనొక్కడే. నన్ను ఖననం చేసిన మూడో రోజున అతను దీన్ని మొదటి అక్షరం నుంచి చివరిదాకా, ఐదో అంశంతో సహా, ఊరి బావి దగ్గర పైకి చదవాలి. నా కొడుకు బాబికిర్ దగ్గినా, నా కూతురు ఇహ్సాన్ ఏడ్చినా ఆపకూడదు.

2. నా ఇల్లు, నువ్వుల పొలం, పశువులు, బంక ఇచ్చే హషాబు చెట్ల తోటలో తూర్పు భాగం, నడిమి భాగం ధర్మశాస్త్రం చెప్పినట్టు బాబికిర్‌కు రెండు వంతులు, ఇహ్సాన్‌కు ఒక వంతు చెందుతాయి. వారసులకు వీలునామా ద్వారా వేరే ఏమీ రాయడానికి వీల్లేదు. అందుకే ఇహ్సాన్ ముప్పై ఏళ్ళుగా కన్నేసిన నా కాఫీ సామాను మొన్ననే ఆమె చేతికిచ్చాను. మూతి విరిగిన జబనా కూజా ఇచ్చానని అప్పుడే ఇద్దరితో చెప్పిందట. అది విరిచింది తనే, తొమ్మిదో ఏట.

3. చిన్న వస్తువులు.

నేను బడికి ఒంటిచుట్టూ కట్టుకున్న తెల్ల తోబు వస్త్రాలు పదకొండు ఉన్నాయి. వాటిని ఈ ఊరి బడిలో ఇప్పుడు పాఠాలు చెబుతున్న బతూల్ అల్-అమీన్‌కు ఇస్తున్నాను. ఆమె నాకంటే పొట్టిది, అంచు మడిచి కుట్టుకోవాలి. బతూల్‌ను నేను నాలుగో తరగతిలో ఒక ఏడాది ఆపేశాను. అప్పుడు అది సరైన పనే.

నా ఇత్తడి రోలు పక్కింటి రౌదా ఇస్మాయిల్ దగ్గర ఆరేళ్ళుగా ఉంది. అడిగితే ఇస్తానంది. నేను అడగలేదు, ఆమె ఇవ్వలేదు. దాన్ని ఇప్పుడు ఆమెకే ఇస్తున్నాను. ఇక నన్ను చూసినప్పుడల్లా వంటగది తలుపు దగ్గరికి వేసుకోనక్కరలేదు.

4. హషాబు తోటలో పడమటి భాగం ఒక ముఖమ్మస్, అంటే సుమారు రెండెకరాల నేల, అందులోని మూడు వందల డెబ్బై రెండు చెట్లు, వాటి బంక, బంక గీసే కత్తులు నాలుగు, నా మనవరాలు, దివంగత తాజ్ అస్సిర్ కూతురు నిమాత్‌కు రాస్తున్నాను. తండ్రి నాకంటే ముందు పోయాడు, తండ్రి అన్న బతికి ఉన్నాడు. అందువల్ల నిమాత్‌కు నా ఆస్తిలో వాటా రాదు. వాటా రాని మనిషికి మూడో వంతు మించకుండా రాసే హక్కు నాకుంది. ఆస్తి మొత్తం విలువ కట్టించి ఖాజీగారికి చూపించాను. ఈ భాగం మూడో వంతుకు లోపే ఉంది. హద్దులు: తూర్పున తోట నడిమి భాగం, పడమర మేకలు నడిచే దారి, ఉత్తరాన హమ్మాద్ సంతతి జొన్న చేను, దక్షిణాన ఇసుక దిబ్బ.

ఈ సంగతి తెలిసిన రోజు బాబికిర్ అన్న మాటలు కూడా రాసి ఉంచుతున్నాను. "మేకల దాని కూతురికి తోటా అమ్మా? ఇన్నేళ్ళూ బంక గీసి చేతులు కోసుకుంది నేను. ఆ పిల్ల ఇంటివైపు తొంగి చూసిందా ఒక్కసారైనా?" అన్నాడు. చేతులు కోసుకున్న మాట నిజం. తొంగి చూడని మాటా నిజమే. ఎందుకు చూడలేదో కింద ఉంది.

5. పై అంశానికి కారణం. వీలునామాలో కారణాలు అక్కర్లేదని ఖాజీగారు అన్నారు. రాయకపోతే ఊరు తనకు తోచిన కారణం చెప్పుకుంటుంది, అది నాకు అనుకూలంగా ఉంటుంది. అందుకని రాస్తున్నాను.

1984 కరువులో మా తోట మొత్తం ఎండిపోయింది. మొద్దులు బొగ్గు చేసి అమ్ముకుని బతికాం. 1986 ఏప్రిల్‌లో అటవీ శాఖ నుంచి వచ్చిన ఒకాయన ఇంట్లోనే మొక్కలు పెంచుకోమని ఆరు వందల నల్ల ప్లాస్టిక్ సంచులు, ఒక చిన్న పుస్తకం ఇచ్చి వెళ్ళాడు. పుస్తకం ఏటి ఒడ్డున పెరిగే నల్లతుమ్మ గురించి. ఆ మాట మొదటి పేజీలోనే ఉంది. నల్లతుమ్మ అయితేనేం, హషాబు అయితేనేం, రెండూ తుమ్మ జాతే కదా అనుకున్నాను. గింజలను మరిగే నీళ్ళలో మూడు నిమిషాలు ఉంచమని అందులో రాశారు. నేను గడియారం ఎదురుగా పెట్టుకుని, పొయ్యి మీద నుంచి దించకుండా పది నిమిషాలు ఉంచాను. పిల్లలకు ఒకసారి చెప్పవలసింది మూడుసార్లు చెప్పే అలవాటు నాది.

నా చిన్న కొడుకు తాజ్ అస్సిర్ భార్య మస్తూరా అప్పుడు మా ఇంట్లోనే ఉండేది. మేకలు కాచుకుంటూ ఊరూరూ తిరిగేవాళ్ళ పిల్ల. అక్షరం ముక్క రాదు. ఎనిమిది నెలల నిమాత్‌ను చంకనేసుకుని పొయ్యి దగ్గరికొచ్చి కుండలోకి తొంగి చూసింది.

"ఏంటత్తా, పప్పు వండుతున్నావా?" అంది. విత్తనాలని చెప్పాను. "అయ్యో, హషాబు గింజకి పొయ్యెందుకత్తా! దాని తోలెంత, ఉల్లిపొరంత. రాత్రి నీళ్ళలో పడేసి పడుకో, తెల్లారేసరికి అదే ఉబ్బుతుంది. ఉడకబెట్టాల్సింది నల్లతుమ్మని, అదీ మొండిది" అంది.

పుస్తకం రాసింది నువ్వా అని అడిగాను.

"నేను కాదు, మా మేకలు రాశాయి" అని నవ్వింది.

ఆ నవ్వు నాకు నచ్చలేదు. ఆమె చెప్పిన మాట తప్పా ఒప్పా అని నేను ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు.

సంచికి మూడు చొప్పున పద్దెనిమిది వందల గింజలు వేశాను. బావి నుంచి రోజుకు నాలుగు డబ్బాల నీళ్ళు తెచ్చి సంచులకు పోయడం మస్తూరా పని. ఇరవై ఒక్క రోజులు చూశాను. ఒక్క మొలక రాలేదు. అదే రోజుల్లో ఆమె మేక ఈనింది. ఊళ్ళో మేకలన్నీ ఎముకల గూళ్ళయి ఉంటే దాని పొదుగు మాత్రం నిండుగా ఉంది. ఎండిన సంచులనూ నిండిన పొదుగునూ నేను కలిపి చూశాను. బావి దగ్గర ఆడవాళ్ళంతా డబ్బాలతో వరుసలో నిలబడి వింటుండగా, మొక్కల నీళ్ళు మేకకు తాగిస్తున్నావని అన్నాను. దొంగ అన్నాను.

బావి కాపలాదారు ఆదమ్ ఇద్రీస్ అక్కడే ఉన్నాడు. "టీచరమ్మా, రోజుకి నాలుగు డబ్బాలు తాగే మేకా? ఏదీ, చూపించు. సంతకి తోలుకెళ్ళి ఒంటె అని అమ్మేద్దాం" అన్నాడు. అందరూ నవ్వారు. ఆ నవ్వుతో నేను వెనక్కి తగ్గే దారి మూసుకుపోయింది. మస్తూరా అల్లాహ్ మీద ఒట్టేసింది. దేవుడి పేరు తేలిగ్గా వాడకు అన్నాను. ఆ సాయంత్రం ఆమె పిల్లను వీపున కట్టుకుని, మేకనూ దాని కూననూ తోలుకుని రహద్ దగ్గరున్న తన తండ్రి గుడారాలకు వెళ్ళిపోయింది. తాజ్ అస్సిర్ అప్పుడు ఊళ్ళో లేడు. లారీ నడిపేవాడు.

వచ్చాక వాడు నాతో పోట్లాడలేదు. నెలకొకసారి చక్కెర, టీ పొడి పట్టుకుని రహద్ వెళ్ళి భార్యనూ బిడ్డనూ చూసి వచ్చేవాడు. "కొంచెం చల్లబడనీ అమ్మా, తీసుకొస్తాను" అనేవాడు. ఒక ఏడాది అలా గడిచింది.

1987 ఏప్రిల్‌లో మళ్ళీ గింజలు తీశాను. ఉదయం ఉడకబెడదామని ముందు రాత్రి కడిగి పళ్ళెంలో నీళ్ళు పోసి ఉంచాను. ఆ రాత్రే మలేరియా జ్వరం వచ్చి రెండు రోజులు లేవలేదు. లేచి చూసేసరికి గింజలన్నీ ఉబ్బి ఉన్నాయి, కొన్నిటికి తెల్లటి మొన కనిపిస్తోంది. వృథా ఎందుకని ఉడకబెట్టకుండానే సంచుల్లో వేశాను. ఏడో రోజుకు ఐదు వందల తొంభై సంచుల్లో మొలక లేచింది. పందిరి కింద కూర్చుని ఒక్కొక్కటే లెక్కపెట్టాను. రెండోసారి కూడా లెక్కపెట్టాను. కిందటేడు ఏం జరిగిందో నాకు అక్కడే పూర్తిగా తెలిసింది.

నాలుగు రోజుల తర్వాత తాజ్ అస్సిర్ వచ్చాడు. సంచుల ముందు గొంతుక్కూర్చుని ఒక మొలకను వేలితో తాకి, తల ఎత్తకుండా అడిగాడు. "అప్పుడు రానివి ఇప్పుడెలా వచ్చాయమ్మా?"

"ఈసారి నీళ్ళు నేను పోశాను" అన్నాను.

వాడు ఆ శుక్రవారం తలాక్ చెప్పి కబురు పంపాడు. మరుసటి ఏడాది ఆగస్టు వరదల్లో వాగు దాటుతుండగా లారీ తిరగబడి చనిపోయాడు. ఆ మధ్యలో పదహారు నెలలు నాకు సమయం దొరికింది. వాడు ఇంటికి వచ్చిన ప్రతిసారీ నిజం చెప్పగలిగేదాన్ని. చెప్పలేదు.

ఆ తర్వాత చుట్టుపక్కల నలభై మూడు ఇళ్ళవాళ్ళు వచ్చి గింజలు మొలిపించే విధానం నేర్చుకున్నారు. రాత్రి నానబెట్టి ఉదయం వేయడం టీచరమ్మ పద్ధతి అని ఇప్పటికీ అంటారు. ఉమ్ రువాబాలో నాకు సభ చేసి రేడియో బహుమతిగా ఇచ్చారు. నేను పావుగంట మాట్లాడాను. మస్తూరా పేరు ఎత్తలేదు. ఆ పద్ధతి ఆమెది. ఆమె దొంగ కాదు. అబద్ధమాడింది నేను.

6. నిమాత్‌కు సూచనలు. పడమటి భాగంలోని చెట్లు 1987 నాటి ఆ మొలకలే, పదహారేళ్ళు నిండాయి. బంక ఇంకా వస్తుంది కానీ చాలా ఏళ్ళు రాదు. ఇంటి దగ్గర ఏటా వంద మొక్కలైనా పెంచి, ఖాళీ అయిన చోట నాటుతూ ఉండాలి.

కాయ గోధుమ రంగుకు తిరిగి, ఇంకా విచ్చుకోకముందే కోయాలి. బంక బాగా ఇచ్చే చెట్టు కాయే కోయాలి. చిల్లు పడిన గింజలో పురుగు ఉంటుంది, పారేయాలి. ఏప్రిల్‌లో ఒక రాత్రి మామూలు నీళ్ళలో నానబెట్టాలి. పొయ్యి దగ్గరికి తీసుకుపోకూడదు. మూడు పాళ్ళ ఇసుక, ఒక పాలు మేక ఎరువు కలిపి సంచి నింపి, గింజను దాని మందమంత లోతులో పెట్టాలి. రెండు వారాలకొకసారి ప్రతి సంచీ ఎత్తి అడుగు చూడాలి. హషాబుకు ఆకు కంటే ముందు వేరు పెరుగుతుంది. అది సంచి దాటి నేలలోకి దిగితే, నాటే రోజున తెగి మొక్క చస్తుంది. బయటికి వచ్చిన కొసను వచ్చినప్పుడే కత్తిరించాలి. నాటడానికి ముందు రెండు వారాలు నీళ్ళు తగ్గించాలి. జులైలో రెండు మంచి వానలు పడ్డాక, నాలుగేసి మీటర్ల ఎడంగా నాటాలి. నాలుగేళ్ళు నిండనిదే కత్తి పెట్టకూడదు. మేకలను రానీయకూడదు. ఈ చివరి మాట మీ అమ్మకు కోపం తెప్పిస్తుంది, అయినా తప్పదు.

7. నా విత్తనాల పుస్తకం కూడా నిమాత్‌కే. అందులో 1986 పేజీలో "మొలిచినవి: సున్నా. కారణం: నీళ్ళ దొంగతనం" అని నా చేతిరాత ఉంది. దాన్ని కొట్టివేయలేదు, చించలేదు. "కారణం: నేను గింజలను ఉడికించాను" అని కింద రాసి ఇవాళ్టి తేదీ వేశాను. ఏం రాశానో ఆ పిల్లకు కనపడాలి. రేడియో మస్తూరాకు ఇవ్వాలి. పైన ఉన్న ఇత్తడి రేకు మీద నా పేరు చెక్కి ఉంది. మక్కీ దాన్ని ఊడదీసి ఇవ్వాలి.

8. బాబికిర్‌కు ఒక మాట. నువ్వు తోట బాగా చూశావు. నీకు సంకెళ్ళు వేయడానికి ఇది రాయలేదు. కోర్టుకు వెళ్ళాలనిపిస్తే వెళ్ళు. కానీ అక్కడ ఐదో అంశాన్ని గట్టిగా చదవమంటారు, చదవవలసింది నువ్వే. నీ తమ్ముడు ఆ మొలకల ముందు కూర్చున్నప్పుడు నువ్వు పాక గుమ్మంలో ఉన్నావు. నా జవాబు నువ్వూ విన్నావు. నువ్వూ నమ్మావు. ఆ తప్పు నీది కాదు.

9. ఈ అంశం వారం తర్వాత చేరుస్తున్నాను.

పై ఎనిమిది అంశాలు రాశాక, నిమాత్‌కు ముందుగా తెలియడం న్యాయమనిపించి, మక్కీతో కలిసి సంత లారీలో రహద్ వెళ్ళాను. మస్తూరా సంతలో గోనె పందిరి కింద టీ అమ్ముతుంది. మళ్ళీ పెళ్ళి చేసుకోలేదు. నన్ను చూసి లేవలేదు. "కూర్చో టీచరమ్మా" అంది. అత్తా అనలేదు. నిమాత్ పక్కన కూర్చుని గ్లాసులు కడుగుతోంది. నుదురు తాజ్ అస్సిర్‌ది. సెకండరీ పూర్తి చేసిందట. "చదువుకున్నవాళ్ళు ఎలా ఉంటారో చూశాను. అయినా చదివించాను" అంది మస్తూరా.

నేను ఐదో అంశం చదివాను. ఆమె బొగ్గులు విసురుతూ, మధ్యలో ఇద్దరు లారీ డ్రైవర్లకు టీ ఇస్తూ విన్నది. అయిపోయాక, "గింజలెందుకు మొలవలేదో నాకు ఆరోజే తెలుసు. ఇది చెప్పడానికా ఇంత దూరం వచ్చావు?" అంది. తర్వాత, "ఆయనకి తెలుసా?" అని అడిగింది.

తెలియదన్నాను. నా మాట నమ్మే పోయాడన్నాను.

ఆమె చేతిలో విసనకర్ర ఆగింది. "ఆయనకి తెలుసనుకున్నాను. తెలిసే, నీకు భయపడి నన్ను వదిలేశాడనుకున్నాను. పదహారేళ్ళు ఆ పిరికివాణ్ణి తిట్టుకుంటూ బతికాను. తీరా చూస్తే నన్ను దొంగనుకునే పోయాడన్నమాట. ఈ రెండిట్లో ఏది మేలు? చదువుకున్నదానివి కదా, చెప్పు."

 

నేను పోయిన మూడో రోజున బావి దగ్గర ఇదంతా చదువుతారని చెప్పాను. "నన్ను దొంగన్నప్పుడు బతికే ఉన్నావుగా?" అంది. తోట మాట ఎత్తితే, "అమ్మాయికిచ్చేది అమ్మాయినడుగు" అంది. నిమాత్ చేతులు తుడుచుకుని కాగితం తీసుకుని నాలుగో అంశం, ఆరో అంశం చదివింది. "ఎరువు ఎండినదా, పచ్చిదా?" అని ఒక్క ప్రశ్న అడిగింది. ఎండినదే అన్నాను. అది ఆరో అంశంలో రాయడం మరిచిపోయాను, ఇక్కడ చేరుస్తున్నాను. నన్ను ఏమని పిలవాలో తెలియక ఆ పిల్ల ఏ పేరూ పెట్టి పిలవలేదు.

లేచేటప్పుడు గ్లాసు పక్కన యాభై దీనార్ల నాణెం పెట్టాను. బంధువుల దగ్గర టీకి డబ్బు తీసుకున్న మనిషిని నేను నా జీవితంలో చూడలేదు. మస్తూరా తీసుకుని డబ్బాలో వేసుకుంది.

నిన్న శుక్రవారం నమాజు తర్వాత బావి దగ్గర ఐదో అంశం నేనే చదివాను. బావికి ఇప్పుడు మోటారు ఉంది. దాన్ని ఆపించి చదివాను. ఆనాడు వరుసలో నిలబడినవాళ్ళలో నలుగురే మిగిలారు. నీళ్ళకు వచ్చిన పిల్లల్లో ఒకతి పక్కదాన్ని, "మస్తూరా అంటే ఎవరే?" అని అడగడం నాకు వినిపించింది. ఆదమ్ ఇద్రీస్ చివరిదాకా విని, "ఇప్పుడు చెప్తున్నావా టీచరమ్మా. ఆ మేక కూడా చచ్చిపోయింది" అన్నాడు. ఈసారి ఎవరూ నవ్వలేదు.

కనుక మొదటి అంశంలో బావి దగ్గర చదవమన్న భాగాన్ని తొలగిస్తున్నాను. మక్కీ ఇంట్లో చదివితే చాలు.

ఐదో అంశం తాను విన్నట్టుగా ఈ పత్రం కింద వేలిముద్ర వేయమని మస్తూరాను ఆ రోజు అడిగాను. "ఇవాళ కాదు. వేస్తానో లేదో కూడా చెప్పను. చోటు మాత్రం ఉంచు" అంది. ఉంచుతున్నాను. ఆమె వేలిముద్ర లేకపోయినా ఈ వీలునామా చెల్లుతుంది. నేను చనిపోయేలోగా ఆ చోటు నిండకపోతే ఎవరూ ఆమె దగ్గరికి దీన్ని మళ్ళీ తీసుకువెళ్ళి ఇబ్బంది పెట్టకూడదు.

రాసింది అంతా రెండుసార్లు చదువుకున్నాను. మార్చవలసింది ఏమీ కనపడలేదు.

హిజ్రీ 1424, శవ్వాల్ 19.
ఉమ్ దురైసా.

(సంతకం) రుఖైయా అల్-తాహిర్ హమద్

సాక్షులు: ఒక పురుషుడు, ఇద్దరు స్త్రీలు. ఆ స్త్రీలిద్దరికీ అక్షరాలు దిద్దించింది నేనే. మూడు, నాలుగు, ఆరు, ఏడు అంశాలకు వాళ్ళు సాక్షులుగా అక్కర్లేదు. ఐదో అంశానికి కావాలి.

1. ఆదమ్ ఇద్రీస్, బావి కాపలాదారు
2. బతూల్ అల్-అమీన్, ఉపాధ్యాయురాలు
3. రౌదా ఇస్మాయిల్, పొరుగింటావిడ

మిగతా అంశాలకు: ఖాజీగారి కచేరీ గుమాస్తాలు ఇద్దరు, వెనక పుటలో.

మస్తూరా వేలిముద్రకు వదిలిన చోటు: